మన కాగితాలు – 9: క్షమాపణ ఎవరికి చెప్పారు?

పోయిన భాగంలో సర్వీసు రిజిస్టరు గురించి రాశాక మెసేజీలు చాలా వచ్చాయి. ఎక్కువమంది అడిగింది ఒకటే. "అన్నా, హైకోర్టు ఆర్డరొచ్చింది. ఆఫీసులో ఇస్తే తీసి పక్కన పెట్టారు. ఎన్నిసార్లు తిరిగినా ఫైలు పైకెళ్లిందంటున్నారు. ఇప్పుడేం చేయాలి?" ఒక చెల్లెలు వాళ్ల నాన్న ఆర్డరు ఫొటో తీసి పంపింది. ఆయన రోజుకూలీ మీద నీళ్ల ట్యాంకు దగ్గర పనిచేసే మనిషి. కాపీ అందిన రెండు నెలల్లో అమలు చేయాలని ఆఖరి పేరాలో ఉంది. ఆ కాపీ ఆఫీసులో ఇచ్చి పదమూడున్నర నెలలైంది. మెసేజీకి జవాబు రాస్తూ కూర్చోలేదు, ఫోనే చేశాను. "అమ్మా, ఇంకా పదిహేను రోజులే ఉంది. రేపు పొద్దున్నే వకీలు గారి దగ్గరికెళ్లండి."

ఆ పదిహేను రోజుల లెక్క ఏంటంటే, 1971 కోర్టు ధిక్కార చట్టంలో సెక్షన్ 20 అని ఒకటుంది. ధిక్కారం జరిగిన రోజు నుంచి ఏడాదిలోపు కోర్టుకు రావాలి. ఆర్డరులో రెండు నెలలు గడువిస్తే, ఆ రెండు నెలలు దాటిన దగ్గర్నుంచి ఏడాది. "ఫైలు పైకెళ్లింది", "కొత్త కమిషనర్ గారు రానీ", "ఎన్నికల కోడ్ అయిపోనీ" అంటూ ఆ ఏడాదిని కరిగించేయడం ఏ సెక్షన్ గుమాస్తాకైనా వచ్చిన విద్యే. ఆర్డరొచ్చిందని పల్లెలో స్వీట్లు పంచుకున్న మనకి మాత్రం ఆ గడియారం తిరుగుతోందనే తెలియదు.

ధిక్కారం అనే మాట మనకు కొత్తది కాదు. మా తాత చెప్పులు చేతిలో పట్టుకోకుండా పెద్ద బజారులో నడిస్తే అది ధిక్కారం. మా మేనత్త కూలి డబ్బులు లెక్కపెట్టుకుని, "రెండు రూపాయలు తగ్గినయ్యి దొరా" అంటే అదీ ధిక్కారమే. దానికి శిక్ష అప్పటికప్పుడు పడేది. నోటీసు లేదు, వాయిదా లేదు, క్షమాపణ చెప్పినా ఒప్పుకునేవాళ్లు కాదు. అదే మాట చట్టంలోకి వెళ్లేసరికి ఎంత నెమ్మదస్తురాలైపోయిందో మా పెద్దమ్మ కేసులో చూశాను.

పెద్దమ్మ 1985లో ఒక మున్సిపాలిటీలో ఎన్.ఎం.ఆర్. స్వీపరుగా చేరింది. తెల్లారుజామున నాలుగింటికి చీపురు, తట్ట. నెలకోసారి మస్టర్ మీద వేలిముద్ర. 1994 ఏప్రిల్ 22న ఉమ్మడి రాష్ట్ర ప్రభుత్వం జీవో 212 ఇచ్చింది. 1993 నవంబరు 25 నాటికి ఐదేళ్లు ఆగకుండా పనిచేసి, ఆ రోజుకి పనిలో ఉన్నవాళ్లను రెగ్యులర్ చేయొచ్చని. పెద్దమ్మకు ఎనిమిదేళ్లు నిండాయి. లిస్టు వేశారు, ఆమె పేరు లేదు. ఎందుకంటే 1990 మే నెలలో పంతొమ్మిది రోజులు గైర్హాజరు, కాబట్టి సర్వీసు తెగిపోయిందట.

1990 మే అంటే కోస్తావాళ్లకు చెప్పక్కర్లేదు. తుఫాను. ఊరంతా కూలిన చెట్లు, చచ్చిన పశువులు. ఆ పంతొమ్మిది రోజులూ పెద్దమ్మ ఇంటికి వచ్చి అన్నం తిన్న పూటలు తక్కువ. పశువుల కళేబరాలు ఎత్తిన గుంపులో ఆమె ఉంది. అయితే ఆ పనికి వేరే మస్టర్ పెట్టారు, తుఫాను సహాయం పద్దు కింద. అందులో వేలిముద్ర పడింది కాబట్టి మామూలు మస్టర్‌లో పడలేదు. అంటే రోజుకి రెట్టింపు పని చేసినందుకు పనికి రానట్టు రాసుకున్నారు. ఆ తుఫాను మస్టర్ సంపాదించడానికి నాకు ఎన్నాళ్లు పట్టిందో మూడో భాగంలో రాశాను, మళ్లీ చెప్పను.

2004లో రిట్ వేశాం. 2009లో ఆర్డరొచ్చింది. నేను అప్పుడు డిగ్రీ అయిపోయి ఖాళీగా ఉన్నా. ఆర్డరు చదివి పెద్దమ్మకు నేనే చెప్పాను, గెలిచామని. మా వకీలు గారు మాత్రం కళ్లజోడు తీసి టేబుల్ మీద పెట్టి, "ఏవయ్యా, ఆఖరి లైను చదివావా?" అన్నారు. ఆఖరి లైనులో ఉన్నది, ఆమె వినతిపత్రాన్ని ఎనిమిది వారాల్లో పరిశీలించి తగిన ఉత్తర్వులు ఇవ్వాలని. పరిశీలించాలి. అంతే.

ఈ మాట దగ్గర కాస్త ఆగాలి మిత్రులారా, ఎందుకంటే మనోళ్ల కేసులు ఎక్కువగా మునిగేది ఇక్కడే. "ఇవ్వండి" అని కోర్టు అంటే ఇవ్వాలి. "పరిశీలించండి" అంటే చూడాలి, చూసి ఇవ్వనని కూడా రాయొచ్చు. 2006లో సుప్రీంకోర్టు ఒక ఆర్టీసీ కేసులోనే, ఏపీఎస్ఆర్టీసీ వర్సెస్ జి. శ్రీనివాస్ రెడ్డి, ఈ తేడాను విడమరిచి చెప్పింది. దానికి పదేళ్ల ముందు, 1996లో జె.ఎస్. పరిహార్ కేసులో ఇంకో మాట చెప్పింది. కోర్టు చెప్పాక అధికారి ఏదో ఒక ఉత్తర్వు ఇస్తే, అది తప్పుడు ఉత్తర్వే అయినా ధిక్కారం కిందికి రాదు, దాని మీద మళ్లీ కొత్తగా కేసు వేసుకోవాలి. ఈ రెండూ కలిపితే ఆఫీసరు పని ఎంత తేలికో చూడండి. గడువు దాటేదాకా ఊరుకోవడం. ధిక్కారం కేసు పడ్డాక, వాయిదాకు ముందు ఒక కాగితం కొట్టడం. "పరిశీలించడమైనది. నిబంధనలు అనుమతించనందున తిరస్కరించడమైనది."

మాకు జరిగింది అదే. 2010లో కంటెంప్ట్ వేశాం. సోమవారం వాయిదా. శుక్రవారం తేదీతో తిరస్కరణ ఉత్తర్వు వచ్చింది. అందులో మళ్లీ ఆ పంతొమ్మిది రోజులే. తుఫాను మస్టర్ నకలు మేం జతపరిచామన్న సంగతి ఒక్క ముక్క లేదు. కేసు మూసేశారు, కావాలంటే కొత్త ఉత్తర్వును సవాలు చేసుకోమన్నారు. ఐదేళ్ల రిట్, ఏడాది కంటెంప్ట్. మళ్లీ మొదటి మెట్టు.

రెండో రిట్ 2011లో. ఈసారి వకీలు గారు ప్రార్థన పేరా ఒక్కటే నాలుగుసార్లు తిరగరాశారు. 2015లో వచ్చిన ఆర్డరులో "పరిశీలించండి" లేదు. తిరస్కరణను కొట్టేసి, 1993 నవంబరు 25 నుంచి ఆమెను రెగ్యులర్ ఉద్యోగిగా లెక్కించి, మూడు నెలల్లో ప్రయోజనాలన్నీ ఇవ్వాలని ఉంది.

మూడు నెలలు పోయాయి, ఆరు పోయాయి. 2016లో రెండో కంటెంప్ట్. అప్పుడు మున్సిపాలిటీకి అప్పీలు గుర్తొచ్చింది. ఆలస్యాన్ని మన్నించమని పిటిషన్ పెట్టి అప్పీలు వేశారు, కంటెంప్ట్ బెంచి ముందు "అప్పీలు పెండింగులో ఉంది" అని నిలబడ్డారు. దీనికి భయపడకండి. అప్పీలు వేయడం వేరు, స్టే రావడం వేరు. స్టే లేనంతకాలం కింది ఆర్డరు బతికే ఉంటుంది. ఇది సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 41లో రాసి ఉన్న మాటే. కానీ ఆ ఒక్క వాక్యం మీద మాకు ఎన్ని వాయిదాలు పోయాయో.

ఇంకో చిక్కు. ధిక్కారం మనిషి మీద పడుతుంది, కుర్చీ మీద కాదు. కావాలని ఆర్డరును కాదన్న మనిషెవరో చూపించాలి. 2015 నుంచి 2019 లోపు ఆ కుర్చీలో నలుగురు మారారు. ఒకాయన నేను రాకముందు ఆర్డరన్నాడు, ఇంకొకాయన నేను వెళ్లాక గడువు ముగిసిందన్నాడు. ఈలోగా హైకోర్టే విడిపోయింది. 2019 జనవరి నుంచి మన హైకోర్టు అమరావతికి వచ్చింది, పెద్దమ్మ ఫైలు కూడా హైదరాబాదు నుంచి నేలపాడుకు వచ్చింది. పెద్దమ్మకు అరవై నిండి, చీపురు పక్కన పెట్టేశాక.

కొత్త బెంచి ముందు మా వకీలు గారు ఒక్కటే అడిగారు, కమిషనర్ స్వయంగా హాజరవ్వాలని. ఫారం-1 నోటీసు వెళ్లింది. ముప్పై నాలుగేళ్లు కదలని ఫైలు రెండు వారాల్లో కదిలింది. ఉత్తర్వు ఇచ్చేశారు, పెద్దమ్మను రెగ్యులర్ చేస్తూ. చదివితే తేదీ 2015 నుంచి ఉంది.

పైకి చిన్న తేడా. కానీ మన రాష్ట్రంలో 2004 సెప్టెంబరు 1 తర్వాత చేరినవాళ్లకు పాత పెన్షన్ లేదు, సీపీఎస్. 1993 నుంచి లెక్కిస్తే చచ్చేదాకా పెన్షన్. 2015 నుంచి లెక్కిస్తే నాలుగేళ్ల ఉద్యోగి, చేతికి దాదాపు ఏమీ రాదు. అమలు చేసినట్టే కనిపిస్తూ ఆర్డరును లోపల్నుంచి ఖాళీ చేయడమంటే ఇది. ఎవరైనా "అమలు చేశాం" అని కాగితం చేతిలో పెడితే ముందు తేదీ చూడండి, సంబరం తర్వాత.

జడ్జి గారు తేదీ చూశారు. రెండు వారాలు టైమిచ్చారు, కమిషనర్ మళ్లీ రావాలన్నారు.

ఆ రోజు నేనూ పెద్దమ్మా బెజవాడలో బస్సు దిగి, ఇంకో బస్సెక్కి, ఆటోలో నేలపాడు చేరాం. ఆమె సంచిలో టిఫిన్ బాక్సు. కమిషనర్ ముందే వచ్చి ఉన్నాడు, ఇద్దరు గుమాస్తాలు, ఒక ఫైలు. కుర్రాడు. తర్వాత మాటల్లో తెలిసింది, సోషల్ వెల్ఫేర్ హాస్టల్లో చదువుకుని గ్రూప్స్ కొట్టిన పిల్లాడని. మన పిల్లాడే. ఆ కుర్చీలోకి వచ్చి ఐదు నెలలు. తుఫాను మస్టర్‌ను గైర్హాజరుగా రాసినవాడు, శుక్రవారం తేదీతో కాగితం కొట్టినవాడు, అప్పీలు పేరుతో మూడేళ్లు నడిపినవాళ్లు — వాళ్లెవరూ ఏ రోజూ కోర్టు మెట్లెక్కలేదు. చివరికి చేతులు కట్టుకుని నిలబడే పని మాత్రం మన హాస్టల్ పిల్లాడికి పడింది. దీన్ని యాదృచ్ఛికం అనేవాళ్లు అనుకోవచ్చు.

సవరించిన ఉత్తర్వు చూపించారు, 1993 నుంచి. అతను చేతులు జోడించి బేషరతు క్షమాపణ చెప్పాడు. కోర్టు ఒప్పుకుంది. కేసు క్లోజ్. మొత్తం నాలుగు నిమిషాలు కూడా పట్టలేదు.

బయటికొచ్చాక పెద్దమ్మ అడిగింది. "ఆ పిల్లోడు ఎవరికి దణ్ణం పెట్టాడ్రా?"

"జడ్జి గారికి పెద్దమ్మా. క్షమించమని."

"ఆయనకేం చేశాడంట?"

నాకు చట్టం తెలుసు. సివిల్ ధిక్కారంలో నేరం జరిగింది కోర్టు మర్యాదకు, కేసు వేసినవాళ్లు సమాచారం చెప్పినవాళ్ల కిందే లెక్క. సెక్షన్ 12 ప్రకారం ఆరు నెలల దాకా సాధారణ జైలు, 2000 రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ. కోర్టుకు తృప్తి కలిగేలా క్షమాపణ చెబితే అదీ ఉండదు. 1971లో 2000 ఎంతో, ఇప్పుడూ అంతే. ఇదంతా పెద్దమ్మకు చెప్పొచ్చు. చెప్పలేదు. ఆమె బాక్సు తీసి చెట్టు కింద కూర్చుంది.

పెన్షన్ 2020లో మొదలైంది. బకాయిలు మూడు విడతలు, ఆఖరిది 2022లో.

అదే 2022 మార్చి 31న మన హైకోర్టు ఇంకో తీర్పిచ్చింది, మీకు గుర్తుండే ఉంటుంది. బడుల ఆవరణల్లో గ్రామ సచివాలయాలు కట్టొద్దన్న ఆదేశాన్ని పాటించలేదని ఎనిమిది మంది ఐఏఎస్‌లకు రెండు వారాల జైలు. వాళ్లు క్షమాపణ చెప్పాక దాన్ని సేవగా మార్చారు. ఏడాదిపాటు నెలకొక రోజు సంక్షేమ హాస్టలుకు వెళ్లి పిల్లలతో గడపాలి, ఒకరోజు భోజనం ఖర్చు పెట్టుకోవాలి. జడ్జి గారి ఉద్దేశం మంచిదే, నేను కాదనను. ఆ వార్త చదివిన రోజు మనోళ్లు చాలామంది చప్పట్లు కొట్టారు. నాకు మాత్రం గొంతులో ఏదో అడ్డం పడింది. మనం పుట్టి పెరిగిన చోటికి ఒక పెద్ద ఆఫీసరు నెలకోసారి రావడం శిక్షల జాబితాలోకి ఎక్కింది. మన పిల్లలు తినే అన్నం పక్కన కూర్చుని తినడం జైలుకు బదులు. హాస్టలుకు వెళ్లి చూడటం వాళ్ల డ్యూటీ కదా, శిక్ష ఎట్లయింది?

అధికారుల్ని కోర్టుకు పిలవడం మీద కూడా ఒక మాట. 2024 జనవరి 3న సుప్రీంకోర్టు దీనికో పద్ధతి రాసింది. ఊరికే పిలవొద్దు, ముందు వీడియోలో అవకాశమివ్వాలి, వాళ్ల బట్టల మీద వ్యాఖ్యలు చేయొద్దు. బట్టల మాట న్యాయమే, మనిషిని నలుగురిలో నిలబెట్టి కించపరచడం ఏంటో మనకంటే ఎవరికి తెలుసు? కానీ ఆ కేసు ఎక్కడ పుట్టిందో చూడండి. అలహాబాద్ హైకోర్టు రిటైరైన జడ్జీల ఇళ్లలో పనివాళ్లు, సౌకర్యాల గురించి ఇచ్చిన ఆదేశాలు అమలు కాలేదని 2023లో ఆర్థిక శాఖ అధికారుల్ని కస్టడీలోకి తీసుకుంది. సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసి, దేశమంతటికీ ఆ పద్ధతి పెట్టింది. పెద్దమ్మ ఫైలును ముప్పై నాలుగేళ్లలో కదిలించింది ఒక్కటే, మనిషి వచ్చి నిలబడాలన్న ఆ నోటీసు. వీడియోలో అయితే కదిలేదా? నాకైతే నమ్మకం లేదు.

మన ఒక్కళ్ల గోడే కాదు ఇది. జమ్మూకశ్మీర్‌లో రోజుకూలీల విషయం తేల్చమని 2007లో అక్కడి హైకోర్టు చెప్పింది. అధికారులు పదహారేళ్లు నాన్చారు. 2025 మార్చిలో సుప్రీంకోర్టు వాళ్ల మొండితనాన్ని ఎండగట్టి 25,000 రూపాయల ఖర్చులు వేసింది, ధిక్కారం కేసును వారం వారం విచారించమంది. పదహారేళ్లకి పాతికవేలు. అదే ఏడాది మే నెలలో మాత్రం వేరే రకం దెబ్బ పడింది. గుంటూరు జిల్లాలో హైకోర్టు వద్దన్నా పేదల గుడిసెలు పీకించిన తహసీల్దారు, తర్వాత డిప్యూటీ కలెక్టరయ్యాడు. జస్టిస్ గవాయ్ బెంచి ఆయన్ను మళ్లీ తహసీల్దారుగా దించింది, లక్ష జరిమానాతో. హైకోర్టు వేసిన రెండు నెలల జైలు కంటే ఆ దించడమే ఆఫీసుల్లో ఎక్కువ మాట్లాడుకున్నారు. ఉద్యోగంలో ఒక మెట్టు దిగడమంటే ఏంటో వాళ్లకు అర్థమవుతుంది కదా. అసలు మెట్టే ఎక్కనివ్వకపోతే ఎట్లుంటుందో మన ఎన్.ఎం.ఆర్. వాళ్లను అడగాలి.

కోర్టు మాట వినడం మనకెవరూ నేర్పక్కర్లేదు. మహాద్‌లో చవదార్ చెరువును అందరికీ తెరుస్తూ మున్సిపాలిటీ 1924లోనే తీర్మానం చేసింది. కాగితం మీద చెరువు మనదే, గట్టు మీద కాదు. 1927 మార్చి 20న బాబాసాహెబ్ వేలమందితో వెళ్లి ఆ నీళ్లు తాగారు. డిసెంబరులో మళ్లీ వెళ్లబోతుంటే అవతలివాళ్లు కోర్టు నుంచి తాత్కాలిక ఇంజంక్షన్ తెచ్చుకున్నారు. జైలుకైనా సిద్ధమని వేలమంది వచ్చి కూర్చున్నారు. వాళ్లందరికీ నచ్చజెప్పి ఆయన ఆ అడుగు ఆపారు. అన్యాయమైన ఇంజంక్షన్ అని తెలిసీ ఆపారు. బొంబాయి హైకోర్టు తుది తీర్పు వచ్చింది 1937 మార్చిలో. గుక్కెడు నీళ్ల కోసం పదేళ్లు కోర్టు మాట విన్న జనం మనం. మనకు అనుకూలంగా వచ్చిన ఆర్డరును ఎనిమిది వారాలు కూడా వినలేనివాళ్లు అవతల కుర్చీల్లో ఉన్నారు.

ఇప్పుడు పనికొచ్చే నాలుగు మాటలు. రిట్ వేసేటప్పుడే వకీలు గారిని అడిగి ప్రార్థనలో ఏం చేయాలి, ఏ తేదీ నుంచి, ఎన్ని వారాల్లో అన్నవి రాయించండి. "పరిశీలించమనండి చాలు" అని తొందరగా తేల్చేసే వకీళ్లుంటారు, ఒప్పుకోకండి. 2025 ఆగస్టులో ధరమ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు పరిశీలించమని వదిలేయలేదు. అదనపు పోస్టులు సృష్టించి రెగ్యులర్ చేయమంది, చేసినట్టు అఫిడవిట్ వేయమంది. ఆ తీర్పు మీ వకీలు గారికి చూపించండి. ఆర్డరు రాగానే సర్టిఫైడ్ కాపీ తీసి ఆఫీసు ఇన్‌వర్డ్‌లో ఇచ్చి, మీ నకలు మీద స్టాంపు, తేదీ, సంతకం వేయించుకోండి. వేయమంటే వేయరు, తెలుసు. అక్నాలెడ్జ్‌మెంటుతో పోస్టులో పంపండి. ఆ రోజు కుర్చీలో ఉన్న ఆఫీసరు పేరు, చేరిన తేదీ రాసిపెట్టుకోండి, బదిలీ అయితే కొత్తాయనకు మళ్లీ కాపీ పంపండి. "నాకు తెలియదు" అనే దారి అక్కడే మూసుకుపోతుంది. గడువు ముగిసే తేదీని ఇంట్లో క్యాలెండర్ మీద ఎర్ర ఇంకుతో గీయండి, దానికి ఏడాది తర్వాతి తేదీని కూడా. కొత్త క్యాలెండర్ కొన్నప్పుడు ముందు ఆ గీత దించుకోండి.

వచ్చే ఆదివారం పదో భాగం. ఔట్‌సోర్సింగ్ ఏజెన్సీలు మారినప్పుడల్లా మన పీఎఫ్ నంబర్లు ఎక్కడికి పోతున్నాయో రాస్తాను. పాత జీతం స్లిప్పులు ఉన్నవాళ్లు ఫొటో తీసి పంపండి, పేర్లు కొట్టేసి పంపండి.

జై భీమ్.